పదకొండు అంగలు

లింగం కాలు విరిగిన మూడో వారానికి ఇంట్లో అందరికీ ఓపిక అయిపోయింది. లింగానికి మాత్రం అది మొదటి నుంచీ లేదు. గుండ్లపోచంపల్లి దగ్గర గోదాముకు వాచ్‌మన్ డ్యూటీకి పోతూ సర్వీసు రోడ్డు మీద గుంతలో బండితో సహా పడ్డాడు. తొడలో రాడ్డు వేసి, ఆరు వారాలు కాలు నేల మీద పెట్టొద్దన్నాడు డాక్టరు. బుద్ధెరిగిన నాటి నుంచి నడకే పనిగా బతికిన మనిషిని మంచానికి అప్పగిస్తే ఏం చేస్తాడు? ఫ్యాను స్పీడును తిట్టాడు, పప్పులో ఉప్పును తిట్టాడు, పలకరించడానికి వచ్చినవాళ్ళను వాళ్ళు గేటు దాటాక తిట్టాడు. వచ్చినవాళ్ళలో ఆయన వదిన సత్తమ్మ లేదు. రాదని ఆయనకూ తెలుసు. అయినా గేటు చప్పుడైన ప్రతిసారీ తలెత్తి చూసేవాడు.

కాసేపైనా ఆయన నోరు మూయించగలిగిన వస్తువు ఇంట్లో ఒక్కటే ఉంది. అది కూతురు కావ్య లాప్‌టాప్. తల్లి సరళ శామీర్‌పేట దగ్గర కొత్త కాలనీలో వంట చేసే ఇంటి కోడలు అమూల్య, పారేసే బదులు ఇచ్చిన పాత లాప్‌టాప్ అది. అందులో కొత్తగా ఏమీ ఎక్కదు. ఎక్కిద్దామంటే చోటు లేదని మొరాయిస్తుంది. కాబట్టి మేడ్చల్ కాలేజీకి సెలవులిచ్చాక కావ్య బ్రౌజర్‌లోనే ఆడుకునే ఆట ఒకటి పట్టుకుంది. అందులో లోకమంతా దిమ్మెలే. మట్టి దిమ్మె, రాతి దిమ్మె, చెక్క దిమ్మె, చివరికి ఆవు కూడా నాలుగు దిమ్మెల ఆవే. తవ్వుకోవాలి, కట్టుకోవాలి, ఆకలైతే పండించుకు తినాలి. పొద్దు గూకితే దయ్యాలొస్తాయి, అప్పటికి ఇల్లు లేకపోతే చస్తారు. చచ్చినా మళ్ళీ పుడతారు, ఆ ఒక్క సుఖం ఉంది.

"దయ్యాలా?" అన్నాడు లింగం మొదటి రోజు, ఆకుపచ్చ ఆకారమొకటి చేతులు చాపుకొని రావడం చూసి. "మన పొలంల ఎన్నడు దయ్యాలను చూడలే బిడ్డా. బ్రోకర్లను చూసినం."

ఆ పొలం సంగతి చెప్పాలి. మేడ్చల్, శామీర్‌పేటల మధ్య రోడ్డును ఆనుకొని ఉండేది. లింగం తండ్రి బతికుండగానే కాగితమేదీ రాయకుండా, కొడుకులిద్దరి ముందే అంగలతో కొలిచి రాయి పాతి దాన్ని పంచాడు. పడమటి వాటా లింగానికి, తూర్పు వాటా పెద్దవాడు నారాయణకు. నారాయణ జ్వరమొచ్చి నాలుగు రోజుల్లో పోయాడు. ఆయన పోయిన రెండేళ్ళకు గోదాములవాళ్ళు వచ్చి మొత్తం పొలం కొన్నారు. కొలతలు వేసిన రోజు నారాయణ భార్య సత్తమ్మ రోడ్డు మీద నిలబడి, హద్దురాయి ఉండాల్సిన చోట లేదని, దాన్ని తమ వైపుకు జరిపారని అన్నది. జరిపేవాడు లింగం తప్ప ఇంకెవరుంటారు? ఊరి పెద్దమనుషులు కూర్చున్నారు. అందరూ చూస్తుండగా లింగం పన్నెండేళ్ళ కావ్యను దగ్గరికి పిలిచి, ఆమె నెత్తి మీద చెయ్యి పెట్టి, రాయిని తాను ముట్టలేదని ఒట్టేశాడు. బిడ్డ మీద ఒట్టేసిన మనిషిని ఇంకేమడుగుతారు? పెద్దమనుషులు లేచిపోయారు. సత్తమ్మ అబద్ధాలదానిగా ఊళ్ళో మిగిలింది. ఆరు నెలలు కూడా ఉండలేక కొడుకు భానుప్రకాశ్‌ను తీసుకొని సూరారం వెళ్ళిపోయింది.

ఆ రోజు తండ్రి అరచెయ్యి తన నెత్తి మీద ఎంత బరువుగా ఆనిందో కావ్యకు ఇప్పటికీ గుర్తే. అప్పుడామెకు గర్వమనిపించింది. అంతమందిలో బాపు తన మీదే ఒట్టేశాడు, అంటే తానంటే అంత ప్రాణమన్నమాట. మర్నాడు బడిలో అందరి ముందూ భానుతో "మీ అమ్మ అబద్ధాలకోరు" అంది. వాడు తనకంటే ఒక ఏడాది పెద్ద, చెయ్యెత్తితే కొట్టగలడు, కొట్టలేదు. ఆ మాట తలుచుకొని ఏడేళ్ళుగా ఆమె సిగ్గు పడుతూనే ఉంది, అబద్ధమన్నందుకు కాదు, తల్లిని అన్నందుకు.

కిందటేడు భానే ఫోనులో వెతికి పలకరించాడు. సూరారంలో మాత్రలు ప్యాక్ చేసే కంపెనీలో పని దొరికిందన్నాడు. రాయి గురించి ఇద్దరూ ఎత్తలేదు. ఈ ఆట నేర్పిందీ వాడే. వాడొక లంకె పంపిస్తాడు, అది నొక్కితే వాడి లోకంలోకి ఈమె పోతుంది. వాడు ఫోనులో, ఈమె లాప్‌టాప్‌లో, ఇద్దరూ ఒకే నేల మీద; వాడు లేనప్పుడూ ఈమె అందులోకి పోవచ్చు. ఒకరోజు వాడు అన్నాడు, ఊరికే కోటలు కట్టడమెందుకు, మన పొలం కడదామని. వాడికి పొలం సగం సగమే గుర్తుంది. తల్లిని అడిగితే ఆ ఊసెత్తగానే లేచి వెళ్ళిపోతుందట. మొత్తం గుర్తున్న మనిషి ఒక్కడే, ఆయన కాలు విరిగి మంచం మీద ఉన్నాడు.

కావ్యకు అప్పుడే ఆశ పుట్టింది. పొలం ఉన్నదున్నట్టు కడితే, అది పెద్దమ్మకు చూపిస్తే, ఆమె మనసు కరగదా? ఒక్కసారి ఈ గేటు తీసుకొని లోపలికి రాదా? ఇప్పుడా పొలం మీద నీలం రేకుల గోదాములు లేచాయి, బాయిని పూడ్చేశారు, చూద్దామన్నా గడ్డిపోచ లేదు. అలాంటి పొలం మళ్ళీ కళ్ళ ముందు కనిపిస్తే ఎవరికైనా కోపం నిలుస్తుందా అనుకుంది. తండ్రికి మాత్రం భాను సంగతి చెప్పలేదు. ఆ పేరు వింటే లాప్‌టాప్‌ను గోడకేసి కొడతాడని భయం. ఒక్కదాన్నే కాలక్షేపానికి కడుతున్నానని చెప్పింది.

లింగం మొదట ఈసడించాడు. రెండో రోజు మెడ చాచి చూశాడు. మూడో రోజుకు మేస్త్రీ అయిపోయాడు.

"గదేంది, మడికి గెట్టు లేకుంటే నీళ్ళు నిలుస్తయా? గెట్టు పొయ్యి ముందుగాల."

"ఆటల నీళ్ళు ఏడు డబ్బాల దాకనే పారుతయి బాపూ. గెట్టు లేకున్నా ఆగుతయి."

"ఏడు డబ్బాలు పారి ఆగే నీళ్ళు ఏం నీళ్ళే? సరే, వరి నారు ఏది?"

"వరి లేదు. గోధుమలే."

"గోధుమలా? ఎవ్వడు జేసిండు గీ ఆట?" అని లింగం నిజంగానే బాధపడ్డాడు. చివరికి గోధుమనే వరి అనుకోవడానికి ఒప్పుకున్నాడు, కానీ మోటారు షెడ్డు మాత్రం ఎక్కడుండేదో అక్కడే ఉండాలన్నాడు. షెడ్డు మీద రేకులు ఒక పక్కకు వంగి ఉండాలన్నాడు. సీతాఫలం చెట్లు మూడు, అందులో ఒకటి ఎన్నడూ కాయలేదు, అయినా పెట్టాలన్నాడు. కావ్య ఒక్కొక్క దిమ్మె తవ్వి తెచ్చి ఒక్కొక్కటే పేర్చింది. చీకటి పడగానే షెడ్డులోకి దూరి తలుపేసుకునేది. బయట దయ్యాలు తిరుగుతుంటే తండ్రీకూతుళ్ళు ఊపిరి బిగపట్టి కూర్చునేవాళ్ళు. ఆ వారం లింగం ఎవరినీ తిట్టలేదు. సరళ వంటింట్లోంచి ఆ ముచ్చట్లు విని, ఇన్నేళ్ళలో ఆ మనిషి కూతురితో ఇంతసేపు మాట్లాడింది ఎప్పుడా అని ఆలోచించేది.

కొలతలన్నీ అంగల్లోనే. లింగానికి ఇంకో కొలత తెలియదు. ఒక అంగకు ఒక దిమ్మె అని కావ్య లెక్క పెట్టుకుంది. అడిగితే చాలు, ఆయన కళ్ళు మూసుకొని, దుప్పటి మీద రెండు వేళ్ళను కాళ్ళలా నడిపించి అంకె చెప్పేవాడు. ఆ శుక్రవారం మధ్యాహ్నం రోడ్డు పక్క గెట్టు కట్టడం మొదలుపెట్టారు.

"బాపూ, హద్దురాయి యాడ బెట్టాలె?"

లింగం కళ్ళు మూసుకున్నాడు. "బాయి ఒడ్డు మీద నిలవడు. తూర్పు దిక్కు మొఖం పెట్టు. ఇగ నడువు. మా నాయిన పంచిన దినం గట్లనే నడిచిండు. అన్న ఆయన ముందల, నేను ఎనక. నాయిన అంగ అంగకు పైకి లెక్క చెప్తాండు, అన్న నవ్వుతాండు. నలభై అనంగనే ఆగి గడ్డపార గుచ్చిండు. గాడ పాతినం రాయి. నడుమ పగులుంటది దానికి."

"నలభైయా?"

"నలభై. గాడికెల్లి కాలువ దాక మల్ల నలభై. అన్నకు నలభై, నాకు నలభై. ఒక్క అంగ అటు లేదు, ఇటు లేదు." ఆయన మొహం వెలిగిపోతోంది. "నాయిన లెక్కంటే లెక్కనే."

కావ్య నలభై దిమ్మెలు నడిచి, పగుళ్ళున్న రాతి దిమ్మె ఒకటి అక్కడ పెట్టింది. ఆ తర్వాత ఆమె లేచి తండ్రికి మాత్ర ఇచ్చింది. ఆయన నిద్రపోయాడు. చాలా రోజుల తర్వాత హాయిగా నిద్రపోయాడు.

సాయంత్రం షిఫ్టు దిగి భాను ఆటలోకి వచ్చాడు. వచ్చిన ప్రతిసారీ కాలువ దగ్గర, అంటే తమ వైపునే దిగుతాడు. వాడి బొమ్మ అటూ ఇటూ గెంతింది, మోటారు షెడ్డు చుట్టూ తిరిగింది. మస్తుందని రాశాడు. తర్వాత కాలువ నుంచి పడమటికి నడవడం మొదలుపెట్టాడు. సగం దారిలో ఆగాడు.

"రాయి ఏది?" అని తెర మూలన అక్షరాలు పడ్డాయి.

"ఇంకా నడువు," అని కావ్య రాసింది.

"ఇరవై తొమ్మిది అయినయి."

"ఇంకా నడువు, అన్నా. నలభై."

వాడు నడిచాడు. రాయి ముందు ఆగాడు. ఆటలో పొద్దు గూకింది. కావ్య షెడ్డులోకి పరిగెత్తి, లోపలికి రమ్మని వాడికి రాసింది. వాడు కదల్లేదు. దయ్యాలు రెండు వచ్చి వాడిని బాదడం ఆమెకు షెడ్డు కిటికీలోంచి కనిపిస్తూనే ఉంది. కత్తి చేతిలో ఉంది, ఎత్తలేదు. చచ్చిపోయాడు. మళ్ళీ కాలువ దగ్గర పుట్టి, మళ్ళీ నలభై అంగలు లెక్క పెట్టుకుంటూ వచ్చి అక్కడే నిలబడ్డాడు.

"ఈ లెక్క ఎవరు చెప్పిన్రు?" అని అప్పుడు రాశాడు.

"బాపు. ఎందుకు?"

"పొలం అమ్మిననాడు మా దిక్కు ఇరవై తొమ్మిదే వచ్చినయి. మా ఇంట్ల ఇరవై తొమ్మిది అనే అంకె ఎవరు పలకరు. క్యాలెండర్ల తారీకు గూడ పలకరు."

కావ్య వేళ్ళ మీద లెక్క వేసింది. బాయి నుంచి కాలువకు ఎనభై. ఎనభైలో ఇరవై తొమ్మిది పోతే తమ వైపు యాభై ఒకటి. తాత పాతించిన చోటి నుంచి రాయి తనంతట తానే నడిచిపోదు. పదకొండు అంగలు.

"నీకొకటి చెప్పాలె," అని భాను మళ్ళీ రాశాడు. "అందరు గంత గట్టిగ చెప్తుంటే నాకు గూడ అమ్మ మీదనే అనుమానం ఉండె. మర్చిపోయిందేమో, భూమి మీద ప్రేమతోటి అట్ల మాట్లాడిందేమో అనుకున్న. ఏడేండ్ల సంది అమ్మ ముందల తల ఊపుత, లోపల నమ్మను. అమ్మకు గది ఎరుకే."

వాడు అమ్మకు ఇది చూపిస్తానని రాసి వెళ్ళిపోయాడు.

మర్నాడు పొద్దున సరళ వంటింట్లో చిక్కుడుకాయల ఈనెలు తీస్తుంటే కావ్య వెళ్ళి ఎదురుగా కూర్చుంది. రాత్రంతా ఎన్ని రకాలుగా అడగాలనుకుందో అవేవీ నోటికి రాలేదు.

"అమ్మా, హద్దురాయి బాపు జరిపిండా?"

సరళ చేతులు ఆగలేదు. "ఎవరు చెప్పిన్రు?"

"బాపే."

అప్పుడు ఆగాయి. వంటింటి గుమ్మం వైపు ఒకసారి చూసి, గొంతు తగ్గించింది. "మీ పెద్దబాపు పోయిన యేడు వానలకు గెట్టు తెగింది. మల్ల పోసేటప్పుడు జర అటు పోసిండు. రోడ్డు మొఖం ఎక్కువుంటే ధర వస్తదని ఎవరో చెవుల ఊదిన్రు. ఇప్పుడు గా ముచ్చట ఎందుకే?"

"నా నెత్తి మీద చెయ్యి పెట్టి ఒట్టేసిండు గద."

సరళ ఒక చిక్కుడుకాయను మూడు ముక్కలు చేసి గిన్నెలో వేసింది.

"అబద్ధపు ఒట్టయితే నేను చావాలె గద అమ్మా. గట్లనే గద అందరు అంటరు."

"గా యేడు నీకు ఒళ్ళు వెచ్చబడ్డప్పుడల్ల మీ బాపు పోచమ్మ గుడికాడికి ఎందుకు ఉరికిండనుకున్నవ్?" అంది సరళ. "మూడు కోళ్ళు కోసిండు. రాత్రిళ్ళు లేచి నీ ముక్కు కాడ చెయ్యి పెట్టి చూసెటోడు. నువ్వు పండుకునే అర్ర ఎట్ల లేసింది మరి? గోడలు గాలికి లేస్తయా? నేను వద్దన్న. నా మాట ఎప్పుడిన్నడు?"

కావ్యకు కోపం రావలసిన చోట ఇంకేదో వచ్చింది. పదకొండు అంగల నేల ఒక పక్క, తాను ఒక పక్క, తండ్రి ఇటూ అటూ చూసి ఎటు మొగ్గాడో ఇప్పుడు తెలిసింది. మొగ్గాక భయపడ్డాడు, అదీ నిజమే. రాత్రిళ్ళు లేచి ఊపిరి చూసిన మనిషి ప్రేమ లేనివాడని ఎలా అంటుంది? అనలేకపోవడమే ఆమెకు ఎక్కువ మంటగా ఉంది. భాను సంగతి, పొలాన్ని వాడు చూసిన సంగతి, సత్తమ్మకు చూపిస్తానన్న సంగతి తల్లికి చెప్పేసింది. సరళ చేతులు కడుక్కుని నేరుగా భర్త దగ్గరికి వెళ్ళింది. తలుపు దగ్గరకు వేసుకున్నారు. లోపల్నుంచి పెద్ద మాటేమీ వినిపించలేదు.

మధ్యాహ్నం అన్నం తిన్నాక లింగం కూతురిని పిలిచాడు. లాప్‌టాప్ తెమ్మన్నాడు. ఆమె తెరిచింది. పొలం వచ్చింది. సీతాఫలం చెట్లు, వంగిన షెడ్డు, గోధుమ రంగు వరి. ఆయన కాసేపు దాన్నే చూశాడు.

"గా రాయి జర తప్పు చెప్పిన బిడ్డా," అన్నాడు. "మందుల మత్తుల ఉంటిని. తూర్పుకు జరుపు."

"ఎన్ని అంగలు?"

"పదకొండు."

తడుముకోలేదు, వేళ్ళు నడిపించలేదు. ఆ అంకె ఆ ఇంట్లో ఇంతవరకూ ఎవరి నోటా రాలేదు. నిన్న సాయంత్రం కావ్య తీసివేత లెక్క వేసి తెలుసుకుంది, ఆయనకు ఏ లెక్కా అక్కర్లేకపోయింది.

"ఇది ఆట బాపూ," అంది కావ్య. "ఈడ భూమికి కొదవే లేదు. ఎటు నడిస్తే అటు కొత్తగ పుడుతనే ఉంటది. నీకు ఎంత గావాలంటే అంత తీసుకో. గా ఒక్క రాయి గాడ ఉండనియ్యి."

"నాకు భూమెందుకే ఇప్పుడు? రాయి జరుపు."

"వాళ్ళు చూసిన్రు."

"చూస్తే చూసిన్రు. మల్ల చూసినప్పుడు ఇంకోకాడ ఉంటే, ముందుగాల చూసిందే తప్పనుకుంటరు. రాయి యాడుంటే హద్దు గాడనే." ఇది ఆయన బెదిరింపుగా అనలేదు. మడికి నీళ్ళు ఎటు నుంచి కట్టాలో చెప్పినట్టు చెప్పాడు. వయసొచ్చిన కూతురికి ఒక తండ్రి నేర్పే విద్య అది.

కావ్య చెయ్యనంది. ఆయన ఇంకో మాట అనకుండా మంచం మీద ఒరిగి, చెయ్యి చాచి తానే మీటలు నొక్కబోయాడు. ఏది నొక్కాలో తెలియదు. అదీ ఇదీ నొక్కాడు, తెర మీద బొమ్మ గిర్రున తిరిగింది, ఉత్తచేత్తో గాలిని కొట్టింది. ఇంకా ముందుకు ఒరిగాడు. విరిగిన కాలు మంచం అంచు దాటి జారింది. ఆయన నోట్లోంచి వచ్చినంత మూలుగు ఆపరేషన్ రోజు కూడా రాలేదు. సరళ పరిగెత్తుకొచ్చింది. ఇద్దరూ కలిసి ఆ కాలును దిండు మీదికి చేర్చారు. ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి, నొప్పికో దేనికో తెలియదు.

"ఉండు బాపూ, నేనే చేస్త," అంది కావ్య.

ఈ వేళ భాను షిఫ్టులో ఉంటాడు, ఎవరూ చూడరు, రేపు మళ్ళీ జరపొచ్చు అని తనకు తాను చెప్పుకుంది. తప్పు చేసేవాళ్ళందరికీ ఈ రేపు ఎక్కడి నుంచో సరిగ్గా వేళకు దొరుకుతుంది. రాతి దిమ్మెను తవ్వింది. తూర్పుకు నడిచింది. ఒకటి, రెండు, మూడు. లింగం మంచం మీది నుంచి పెదవులు కదిపి లెక్క పెడుతున్నాడు. పదకొండు. పగుళ్ళ రాయి అక్కడ పెట్టింది. పెట్టి తలెత్తేసరికి నాలుగు అంగల దూరంలో, కాలువ వైపు, భాను బొమ్మ నిలబడి ఉంది.

ఎప్పుడు వచ్చాడో తెలియదు. తండ్రి కాలి గొడవలో ఉండగా వచ్చాడేమో. గెంతడం లేదు. ఆ చదరపు మొహంలో చదవడానికి ఏమీ ఉండదు. అది ఆమె వైపే తిరిగి ఉంది.

ఫోను మోగింది. భాను నంబరు. కావ్య ఎత్తింది.

"కావ్యా, నేను పెద్దమ్మను." ఏడేళ్ళ తర్వాత కూడా అదే గొంతు, కొంచెం బొంగురు పోయింది. ఆ పాత ఫోనులో అవతలి మాట గదంతా వినిపిస్తుంది. లింగం పక్కకు తల తిప్పుకున్నాడు. సరళ గుమ్మం దగ్గరే ఆగిపోయింది.

"మీ బాపు కాలు ఎట్లున్నది?" అంది సత్తమ్మ.

"మంచిగైతాంది పెద్దమ్మా."

"కానియ్యి. భాను ఇయ్యాల పనికి పోలే. చూడు అమ్మా అని కూసోబెట్టిండు. నా బాయి, నా చెట్లు అన్ని చూసిన బిడ్డా. మంచిగ కట్టినవ్." అవతల ఆమె కుర్చీ ముందుకు లాక్కున్న చప్పుడైంది. "ఆనాడు పెద్దమనుషులు నన్ను ఒక్కటే అడిగిన్రు. జరుపంగ నీ కండ్లతోటి చూసినవా అని. నేను చూడలే. చూడంది చూసిన అని ఎట్ల చెప్త? గా ఒక్క మాటకు అబద్ధాలదాన్నయిన. ఇయ్యాల చూసిన. నువ్వు తవ్వింది చూసిన, నడిచింది చూసిన, పెట్టింది చూసిన."

"పెద్దమ్మా..."

"నాకు జాగ వద్దు. గాడ గోదాములున్నయి, వాటినేం జేసుకుంట? పైసలు గూడ వద్దు. ఆ దినం కూసున్నోళ్ళల్ల ఇద్దరు ఇంక బతికే ఉన్నరు. మీ బాపు చెప్పిన నలభై, నువ్వు వాళ్ళకు చెప్తవా? నీ మాట ఇంటరు. సత్తమ్మ అబద్ధమాడలేదని ఒక్కసారి ఊర్ల అంటే చాలు. చెప్తవా బిడ్డా?"

చెప్పాలి. చెప్పడం తప్ప ఇంకో దారి లేదని కావ్యకు తెలుసు. "చెప్త పెద్దమ్మా" అన్న మాట నాలుక మీదికి వచ్చింది కూడా. తండ్రి ఆమె వైపు చూడలేదు. గోడను చూస్తున్నాడు. దిండు మీద కాలు సన్నగా వణుకుతోంది. గుమ్మంలో తల్లి తడి చేతులను కొంగుకు తుడుచుకోవడం కూడా మర్చిపోయి నిలబడింది. చెప్తే రేపటి నుంచి ఆ మనిషి కుంటుకుంటూ ఏ వీధిలో నడుస్తాడు? గోదాం గేటు దగ్గర ఎవరి మొహం చూస్తాడు? ఆమె అవన్నీ ఆలోచించిందని కూడా చెప్పలేం. నోరు దానంతట అదే ఇంకో మాట వెతుక్కుంది.

"గది ఉత్త ఆట పెద్దమ్మా," అంది కావ్య. "ఆటల ఏదో అట్ల పెట్టిన. బాపుకు సరిగ్గ యాది లేదు. నలభై గిలభై అంతా ఉత్తదే."

అవతల ఎక్కడో సూరారం రోడ్డు మీద లారీ హారన్ వినిపించింది.

"ఆటనేనా," అంది సత్తమ్మ. కోపం లేదు ఆ గొంతులో. ఇలాంటి మాట ఇంతకుముందు కూడా విని అలవాటైన మనిషి గొంతు అది. "సరే బిడ్డా. పైలం."

ఫోను పెట్టేసింది. తెర మీద భాను బొమ్మ ఇంకో క్షణం అలాగే నిలబడి మాయమైంది. మూలన వాడి పేరు కూడా పోయింది. ఆ పొలంలో ఇక కావ్య ఒక్కతే ఉంది.

లింగం దిండు సర్దుకున్నాడు.

"మంచిగ చెప్పినవ్ బిడ్డా," అన్నాడు. కాలు విరిగినప్పటి నుంచి ఆయన నోట ఇంత ప్రేమగా మాట రాలేదు. "నా బిడ్డవనిపించినవ్."

కావ్య లాప్‌టాప్ ఒళ్ళో పెట్టుకొని అలాగే కూర్చుంది. ఆయన అన్నది నిజమేనని ఆమెకు తెలిసింది, అందుకు తన మీద తనకే అసహ్యం వేసింది.